నేమ్‌ప్లేటు లేని మోటారు

ప్రసూనకి చెప్పడం వచ్చు గానీ తగ్గడం రాదు. ఆ సంగతి హెడ్ త్రివిక్రమరావు గారికి ముందునుంచీ తెలుసు. అందుకే ఆ రోజు ఆమెను తన గదికి పిలిపించి, కూర్చోమని కూడా అనకుండా అడిగారు.

"సిలబస్‌లో ఎన్ని మెషీన్లున్నాయమ్మా?"

"నాలుగు సార్."

"ట్రాన్స్‌ఫార్మరు, డీసీ మెషీను, ఇండక్షన్ మోటారు, సింక్రనస్ మెషీను. నాలుగింటికీ నాలుగు పుస్తకాలు, నాలుగు పేపర్లు. మరి నువ్వు క్లాసులో ఏం చెబుతున్నావు?"

"నాలుగూ ఒకటేనని చెబుతున్నాను సార్."

"ఎందుకు?"

"ఒకటే కాబట్టి."

త్రివిక్రమరావు గారు కళ్లజోడు తీసి బల్లమీద పెట్టారు.

"ఇందులో తప్పుంటే చూపించండి సార్, ఇవాళే మానేస్తాను," అంది ప్రసూన.

"తప్పని నేననలేదు. వద్దంటున్నాను."

ఆ కాలేజీ సముద్రం ఒడ్డున ఉన్న ఊళ్లో ఉంది. ఎలక్ట్రికల్ డిపార్టుమెంటు పెట్టిన దగ్గర్నుంచీ అక్కడ యంత్రాల పాఠం ఒకే తీరున నడుస్తోంది. ఒక్కో యంత్రానికి ఒక్కో బొమ్మ, ఒక్కో లెక్క. ఒకటి నేర్చుకున్నాక దాన్ని పక్కన పెట్టి ఇంకోటి మొదలుపెట్టాలి. ఆ రెండో దానికి మొదటిది చుట్టం కూడా కానట్టే ఉంటుంది పుస్తకంలో.

ప్రసూన వచ్చి ఆ గోడలు కూలగొట్టింది. యంత్రం ఏదైనా సరే, కదలని భాగంలో రెండు తీగచుట్టలు, తిరిగే భాగంలో రెండు తీగచుట్టలు ఉన్నాయనుకుంటే చాలునంది. ఆ చుట్టల మధ్య నడిచే లెక్క ఒక్కటే. వాటిని దేనికి ఎలా కలిపామన్న దాన్నిబట్టి ఒకచోట డీసీ మోటారు అవుతుంది, ఇంకోచోట ఇండక్షన్ మోటారు అవుతుంది. తిరగకుండా ఆపేస్తే ట్రాన్స్‌ఫార్మరు అవుతుంది. ఈ లెక్క ఆమె కనిపెట్టింది కాదు. ప్రపంచంలో పెద్దపెద్ద చోట్ల ఎప్పట్నుంచో చెబుతున్నదే. ఈ ఊళ్లో మాత్రం జయానందం మాస్టారు తప్ప దాన్ని ఇష్టంగా చదివినవాళ్లు లేరు. ప్రసూన ఆయన దగ్గరే నేర్చుకుంది.

"పరీక్ష పేపరు దిద్దేది నువ్వూ కాదు, నేనూ కాదు," అన్నారు త్రివిక్రమరావు గారు. "ఎక్కడో ఇంకో కాలేజీలో ఉన్నాయన దిద్దుతాడు. తనకి తెలిసిన బొమ్మ కనబడకపోతే సున్నా చుడతాడు. తప్పిన పిల్లల ఇళ్లకి నువ్వెళ్లి చెప్పొస్తావా, నాలుగూ ఒకటేనని?"

ఆ మాటకి ప్రసూనకి ఇంకా మండింది.

"శనివారం సిలబస్ కమిటీ వస్తోంది. నీ మాట వాళ్లకి చెప్పుకో. సరేనంటే నేనూ సరే. కాదంటే ఆ క్లాసు ఇంకొకరికి ఇచ్చేస్తాను. నీ ఉద్యోగం ఇంకా పర్మనెంటు కాలేదు, అదీ గుర్తుంచుకో."

ప్రసూన గదిలోంచి బయటికొచ్చేటప్పుడు భయపడలేదు. ఆమెకి సంతోషంగా కూడా ఉంది. శనివారం వాళ్లందర్నీ లెక్కలో ముంచేద్దామనుకుంది.

*

జయానందం మాస్టారు మెషీన్ల ల్యాబులో ఉన్నారు. ఎప్పుడూ అక్కడే ఉంటారు. ప్రొఫెసరైనా ఆయనకి విడిగా గది లేదు. ఆయన తర్వాత చేరిన ఇద్దరు ఆయన్ని దాటుకుని హెడ్‌లయ్యారు. ఎందుకని ఎవరూ పైకి అడగరు. ఆయన ఏ పేట నుంచి వచ్చారో అందరికీ తెలుసు కాబట్టి. ఆయన కూడా ఎప్పుడూ ఎత్తలేదు. ఉప్పుగాలికి ఇనుమంతా తుప్పు పట్టే ఆ ఊళ్లో, ఆ ల్యాబులో యంత్రాలు మాత్రం కొత్త పెళ్లికొడుకుల్లా మెరుస్తూ ఉండేవి.

ప్రసూన జరిగిందంతా చెప్పింది. చెబుతూ చెబుతూనే నల్లబల్ల దగ్గరికెళ్లి శనివారం ఏం రాయబోతోందో రాసి చూపించింది. ఒక చివర మొదలైన సమీకరణం ఇంకో చివరకి చేరి, కిందికి దిగి, మళ్లీ మొదటికి వచ్చింది. చేతినిండా సుద్ద.

"ఎలా ఉంది మాస్టారూ?"

"బాగుంది. ఇది ఎవరికి?"

"కమిటీకి. నోరెత్తకుండా చేస్తాను."

"మరి పిల్లలు?"

ప్రసూన ఆగింది. మొన్న క్లాసులో అప్పలనాయుడు అనే కుర్రాడు లేచి, "మేడమ్, మీరు చెప్పేది గొప్పగా ఉంది. మాకే అర్థం కావడం లేదు," అన్నాడు. అతను వెటకారానికి అన్న మాట కాదది. అయినా ఆమె కోప్పడి కూర్చోబెట్టింది. ఆ సంగతి మాస్టారికి చెప్పలేదు.

"వాళ్లకి ముందుముందు తెలుస్తుంది," అంది.

మాస్టారు సొరుగులోంచి స్క్రూడ్రైవర్ తీసి ఆమె చేతికిచ్చారు. కిటికీ పక్కనున్న మోటారు చూపించి, "దాని నేమ్‌ప్లేటు ఊడదియ్యి," అన్నారు.

"ఎందుకు?"

"ముందు తియ్యి."

స్క్రూలు బిగుసుకుపోయి ఉన్నాయి. ప్రసూన చెమటలు కక్కుకుంటూ ఊడదీసింది. ఆ ఇత్తడి రేకు మాస్టారు తీసుకుని జేబులో వేసుకున్నారు.

"ఇప్పుడు ఇదేంటి?"

"స్లిప్ రింగ్ ఇండక్షన్ మోటారు."

"పేరు తీసేశాం కదా, నీకెవరు చెప్పారు?"

"రింగులు కనబడుతున్నాయి కదండీ!"

"సరే. రేపూ ఎల్లుండీ నీకు ఎప్పుడు ఖాళీ దొరికితే అప్పుడు దీని దగ్గర కూర్చో. పేరు పెట్టి పిలవకు. అదేం చేస్తోందో మాత్రం చూడు."

"మాస్టారూ, శనివారం దగ్గరపడుతుంటే..."

"అందుకే చెబుతున్నా," అని ఆయన, తిరిగే రింగులకి ఆనుకుని కరెంటు అందించే కార్బన్ బ్రష్షులు రుద్దుకునే పనిలో పడిపోయారు.

*

ప్రసూన విసుక్కుంటూనే కూర్చుంది. ఇన్నేళ్లుగా ఆ మోటారు గురించి పేజీలు పేజీలు రాసింది గానీ, తన చేత్తో వైర్లు కలిపింది తక్కువ. కలపడానికి మనుషులున్నారు, ఆమెకి లెక్క ఉంది.

మొదట, తిరిగే చుట్టల చివర్లు బయటికొచ్చే రింగుల దగ్గర వైర్లు ఏవీ కలపకుండా మోటారుకి కరెంటిచ్చింది. అది కదల్లేదు. సన్నగా జుమ్మంది, అంతే. రింగుల మధ్య మీటరు పెడితే వోల్టేజీ చూపించింది. ఇటు ఇచ్చిన కరెంటు, అటు ముట్టుకోకుండానే పుడుతోంది. మోటారు ఆకారంలో ఉన్న ట్రాన్స్‌ఫార్మరు.

తర్వాత రింగులకి రెసిస్టెన్సులు కలిపింది. షాఫ్టు బద్ధకంగా కదిలి, వేగం అందుకుంది. ఇప్పుడిది అందరూ ఎరిగిన ఇండక్షన్ మోటారు.

అదే షాఫ్టుకి బిగించి ఉన్న డీసీ మెషీనుతో దాన్ని తన వేగం కన్నా ఇంకాస్త ఎక్కువగా తోయించింది. వాట్‌మీటరు ముల్లు సున్నా మీదకొచ్చి, కాసేపు తటపటాయించి, వెనక్కి వాలింది. అప్పటిదాకా కరెంటు తాగిన యంత్రం ఇప్పుడు కరెంటు పోస్తోంది.

ప్రసూనకి ఉత్సాహం వచ్చింది. ఇక మిగిలింది ఒక్కటే. తిరుగుతున్నప్పుడు రింగుల్లోకి డీసీ పంపితే అది సరఫరా కరెంటు లయని పట్టుకుని, దానితో సమంగా తిరిగే సింక్రనస్ మోటారు కావాలి. లెక్క ఆమెకి కంఠతా వచ్చు. స్విచ్చి తిప్పింది.

మోటారు మూలిగింది. నేల అదిరింది. మీటరు ముల్లు ఇటు చివర నుంచి అటు చివరకి పిచ్చిగా కొట్టుకుంది. అంతలో టప్‌మని బ్రేకరు పడిపోయి ల్యాబంతా నిశ్శబ్దమైపోయింది.

మళ్లీ ప్రయత్నించింది. మళ్లీ అంతే.

"లెక్క ప్రకారం ఇది పట్టుకోవాలి మాస్టారూ!" అని అరిచినంత పని చేసింది.

మాస్టారు తలెత్తకుండానే అన్నారు. "లెక్కలో ఇదీ ఉంది. నువ్వే చూడలేదు."

ప్రసూనకి ముఖం ఎర్రబడింది. కాగితం తీసుకుని తన సమీకరణం మొదటినుంచీ రాసింది. కాలంతో మారే పదాల దగ్గరికి వచ్చేసరికి అలవాటు ప్రకారం "సున్నా" అని కొట్టేయబోయి, చెయ్యి ఆపింది. యంత్రం నిలకడగా తిరుగుతున్నప్పుడే అవి సున్నా. పట్టుకోబోయే ఆ క్షణంలో అవే అసలు సంగతి. నేల అదరడం, ముల్లు కొట్టుకోవడం, మూలుగు, అన్నీ ఆ పదాల్లోనే ఉన్నాయి. ప్రతిసారీ బల్లమీద రాసి, ప్రతిసారీ తన చేత్తోనే కొట్టేసింది.

అప్పలనాయుడు గుర్తొచ్చాడు. అతనికి అర్థం కానిది ఏమిటో ఆమెకి అప్పుడు తెలిసింది.

ఈసారి తొందరపడలేదు. షాఫ్టు మీద డీసీ మెషీను వేసే బరువు తీసేసి, వేగం పూర్తిగా అందుకోనిచ్చింది. చెవి యంత్రం మీదే పెట్టి, ముల్లు ఊగడం నెమ్మదించేదాకా ఆగి, స్విచ్చి తిప్పింది. ముల్లు ఒకసారి పెద్దగా ఊగింది, ఇంకోసారి చిన్నగా ఊగింది, నిలబడిపోయింది. మోత మారింది. వణుకు లేని ఒకే శ్రుతి.

ఆమె వెనక్కి తిరిగి చూసింది. మాస్టారు బ్రష్షు పట్టుకున్న చెయ్యి ఆపి, కళ్లు మూసుకుని వింటున్నారు.

*

శనివారం కమిటీ పెద్దలు సెమినార్ హాల్లో కూర్చున్నారు. ప్రసూన వెళ్లి గుమ్మంలోనే నిలబడి, "దయచేసి అందరూ ల్యాబుకి రావాలి," అంది.

"ఇక్కడే చెప్పమ్మా," అన్నారు త్రివిక్రమరావు గారు.

"యంత్రాన్ని ఇక్కడికి తేలేను సార్."

వాళ్లు గొణుక్కుంటూ లేచారు. సంగతి తెలిసి క్లాసు పిల్లలు కూడా ల్యాబు గోడల పక్కన చేరారు. ప్రసూన బల్లమీద ఒక్క అక్షరం రాయలేదు. మోటారు ముందు నిలబడి, వైర్లు మారుస్తూ, మారిన ప్రతిసారీ ఒకటే అడిగింది.

"ఇప్పుడు ఇదేంటో చెప్పండి."

పెద్దల్లో ఒకాయన ట్రాన్స్‌ఫార్మరన్నాడు. తర్వాత ఇండక్షన్ మోటారన్నాడు. తర్వాత జనరేటరన్నాడు. చివరికి అది సింక్రనస్ మోటారై ఒకే శ్రుతిలో నిలబడ్డప్పుడు, ఆయన నవ్వుతూ చేతులెత్తేశాడు.

"యంత్రం మారలేదు," అంది ప్రసూన. "నేను కలిపిన తీరు మారింది. ఆ కలపడానికి ముందున్న లెక్క ఒకటే పిల్లలకి చెబుతున్నాను. అది వస్తే మిగతావి వాళ్లే రాసుకుంటారు."

గోడ పక్కనుంచి అప్పలనాయుడు, "మేడమ్, డీసీ పంపినప్పుడు ముల్లు ఎందుకలా ఊగింది?" అని అడిగాడు. పెద్దల ముందు అడగొచ్చో లేదో అని కూడా చూసుకోలేదు.

"అది సోమవారం క్లాసులో," అంది ప్రసూన.

కమిటీ వాళ్లు మెచ్చుకున్నారు. చాలా బాగా చూపించావన్నారు. టీ తాగారు. ఆ తర్వాత తలుపులేసుకుని మాట్లాడుకున్నారు. సాయంత్రం త్రివిక్రమరావు గారు ఆమెను వరండాలోనే ఆపి చెప్పారు.

"అందరికీ నచ్చింది. సిలబస్ మాత్రం మారదు. సోమవారం నుంచి ఆ క్లాసు నీది కాదు. నువ్వు మెజర్‌మెంట్స్ ల్యాబు చూసుకో." ఆయన గొంతులో కసి లేదు. అలిసిపోయిన మనిషి గొంతు. "ఒప్పుకుని కూడా ఒప్పుకోని చోట్లు ఉంటాయమ్మా. నీకింకా తెలీదు."

*

సోమవారం కాలేజీ వదిలేశాక ప్రసూన ల్యాబుకి వెళ్లింది. శనివారం నాటి వైర్లు ఇంకా అలాగే ఉన్నాయి. ఒక్కొక్కటే విప్పుతూ కూర్చుంది. కిటికీలోంచి ఎండ ఏటవాలుగా పడుతోంది.

మాస్టారు వచ్చారు. ఆమె తలెత్తలేదు.

"ఓడిపోయాను మాస్టారూ."

ఆయన ఆమె విప్పిన వైర్లు చుట్టసాగారు.

"తప్పైతే ఊరుకునేదాన్ని. తప్పు కాదని వాళ్లే అన్నారు. అయినా వద్దన్నారు. ఇంకేం చెయ్యమంటారు? మీరైతే ఏం చేసేవారు?"

జయానందం మాస్టారు గోడకి ఆనించి ఉన్న నల్లబల్ల లాక్కొచ్చి నిలబెట్టారు. గుడ్డతో తుడిచారు. సుద్దముక్క తెచ్చి ఆమె ఒళ్లో పడేశారు. తర్వాత పిల్లలు కూర్చునే పొట్టి స్టూలు ఒకటి బల్ల ఎదురుగా లాక్కుని, మోకాళ్లు పట్టుకుని మెల్లిగా కూర్చున్నారు.

"చెప్పు," అన్నారు.

ప్రసూన లేచి నిలబడింది. "మీకా? నాకు నేర్పిందే మీరు."

"నేను నేర్పింది నాకు తెలుసు. నువ్వు నేర్చుకున్నది తెలీదు. చెప్పు."

ఆయన నవ్వడం లేదు. ప్రసూన బల్ల దగ్గరికెళ్లింది. మొదలుపెట్టింది. అలవాటుగా వేగం పెంచింది. రెండో వరసలోనే ఆయన చెయ్యెత్తారు.

"ఇక్కడ నాకు తెలియలేదమ్మా."

ఆటపట్టిస్తున్నారేమోనని చూసింది. ఆయన కళ్లు బల్ల మీదే ఉన్నాయి, పాఠం వినేవాడి కళ్లు. ప్రసూన ఆ వరస చెరిపేసి మళ్లీ చెప్పింది. ఈసారి ఏ పదం ఎక్కడ మోత అవుతుందో, ఎక్కడ వణుకు అవుతుందో, మోటారు మీద చెయ్యి వేసి చూపిస్తూ చెప్పింది.

గుమ్మం దగ్గర నీడలు కదిలాయి. అప్పలనాయుడు తొంగి చూశాడు. ముందు స్టూలు మీద ప్రొఫెసర్ గారు కూర్చుని ఉండటం చూసి గుడ్లప్పగించాడు. మాస్టారు వెనక్కి తిరక్కుండానే కాస్త పక్కకి జరిగారు. అతను వచ్చి ఆయన పక్కన నేలమీద కూర్చున్నాడు. వెనకే ఇంకొకరు వచ్చారు. ఇద్దరమ్మాయిలు సైకిళ్లు వరండాలో పెట్టేసి వచ్చారు. కాసేపటికి నేల మీద చోటు చాల్లేదు.

ప్రసూన అసలు చోటికి వచ్చింది. "బయట నిలబడి చూస్తే ఇక్కడ ఏదీ నిలకడగా ఉండదు. చుట్టలు తిరుగుతాయి, కరెంట్లు ఊగుతాయి, ప్రతి పదం క్షణక్షణానికీ మారిపోతుంది. అలా ఎంతకాలం చూసినా లెక్క తెగదు. అందుకని మనం బయట నిలబడం. తిరిగేదాని మీదికే ఎక్కి కూర్చుంటాం. దానితో పాటే తిరుగుతాం. అప్పుడు..."

"ప్రసూనా!"

గుమ్మంలో త్రివిక్రమరావు గారు. గది మొత్తం బిగుసుకుపోయింది. పిల్లల్లో ఒకరిద్దరు లేవబోయారు.

"ఈ క్లాసు నీది కాదని చెప్పానా లేదా?"

ప్రసూన చేతిలో సుద్ద ఆగిపోయింది.

"త్రివిక్రమరావు గారూ," అన్నారు జయానందం మాస్టారు, కూర్చున్న చోటినుంచే. "లోపలికి రండి. ఇప్పుడే అసలు సంగతిలో పడింది."

"జయానందం గారూ, మీరేంటి ఇక్కడ? ఇది ఏ పేపరు కింద జరుగుతోంది?"

"ఏ పేపరూ కాదండి. ఆవిడ చెబుతోంది, మేం వింటున్నాం."

"రేపు ఆర్డరు వేసి ఈ ల్యాబు మూయిస్తే?"

"వెయ్యండి," అన్నారు మాస్టారు. ఇన్నేళ్లలో ఆయన ఆ గొంతుతో మాట్లాడటం ఆ గదిలో ఎవరూ వినలేదు. గొంతు పెంచలేదు, అయినా వెనక గోడదాకా వినబడింది. "అది టైపయ్యి, సంతకమయ్యి వచ్చేలోపు ఈ సమీకరణం పూర్తవుతుంది."

త్రివిక్రమరావు గారు గుమ్మంలోనే ఉండిపోయారు. లోపలికి రాలేదు, వెళ్లిపోనూ లేదు. లేవబోయిన పిల్లలు ఒక్కొక్కరే మళ్లీ కూర్చున్నారు.

ప్రసూన గుమ్మం వైపు చూసింది. స్టూలు మీద వంగి కూర్చున్న ఆ ముసలాయన వైపు చూసింది. తర్వాత బల్ల వైపు తిరిగింది. సుద్ద ఎత్తింది.

"ఎక్కడున్నాం?" అని అడిగింది.

పిల్లలు ఎవరైనా చెబుతారేమోనని మాస్టారు ఒక్క క్షణం ఆగారు.

"ఎక్కి కూర్చున్నాం," అన్నారు. "ఇంక దిగకమ్మా."